కొత్త పెట్టిన ఎర్ర స్ఫటికాలు

మా చెల్లి ఊట దగ్గర్నుంచి ఒకేసారి మూడు బిందెల నీళ్లు తెస్తుంది. నెత్తి మీద రెండు, చంకలో ఒకటి. నేను యూనివర్సిటీలో ఏళ్ల తరబడి ఏం వెలగబెడుతున్నానో మా ఊళ్లో ఎవరికైనా అర్థమైందంటే అది ఆ బిందెల చలవే.

ఒకరోజు గుమ్మంలో కూర్చుని చిక్కుడుకాయలు ఒలుస్తూ అమ్మ అడిగింది, "ఇంతకీ నువ్వక్కడ సేసేది ఏట్రా?" అని. "సీసం లేని డబుల్ పెరోవ్‌స్కైట్" అన్నాను. అమ్మ నావైపు జాలిగా చూసింది. సరిగ్గా అప్పుడే చెల్లి నీళ్లతో వచ్చింది, నాకు దారి దొరికింది. ఎండని కరెంటుగా మార్చే పలకల కోసం ఈమధ్య అందరూ మోజుపడుతున్న పదార్థం ఒకటుందని, కాకపోతే అందులో సీసం ఉంటుందని చెప్పాను. "ఒక్కో సీసం పరమాణువూ రెండు బిందెలు మోస్తుందనుకో. ఇద్దరు కలిస్తే నాలుగు. ఆ ఇద్దర్నీ తీసేసి, ఒక బిందె మోసే వెండినీ మూడు మోసే బిస్మత్‌నీ పక్కపక్కన నిలబెడతాను. ఇంటికి చేరేవి అవే నాలుగు బిందెలు. అలా ఇద్దర్ని జత చేస్తాం కాబట్టి డబుల్."

చెల్లి బిందెలు దించి చెమట తుడుచుకుంది. "అయితే ఆ మూడు మోసేదాన్ని నేనే కదన్నియ్యా" అంది. అవునన్నాను. బిస్మత్ సీసంలాంటి విషం కాదని, దాన్ని కడుపునొప్పి మందుల్లో కూడా వాడతారని చెబితే ఇంకా సంతోషించింది. కడుపునొప్పి గురించి మా ఇంట్లో ఆమెకు తెలిసినంత ఇంకెవరికీ తెలీదు.

సీసం సంగతి మాకు కొత్తేం కాదు. నాన్న బతికుండగా మేం డొంకరాయి దగ్గర ఉండేవాళ్లం. ఆయన రిజర్వాయర్లో వలలు వేసేవాడు. వల కింది అంచు నీళ్లలో మునగడానికి బరువులు కావాలి. ఎప్పుడో ఊరికిచ్చిన సోలార్ దీపాలు మూలపడి, వాటి బ్యాటరీలు బడి వెనక కుప్పగా ఉండేవి. నాన్న వాటిని పగలగొట్టి, లోపలి సీసం పెంకులో కరిగించి, తడిమట్టిలో వేలితో చేసిన గుంటల్లో పోసేవాడు. చల్లారిన గుండుకి కత్తితో గాటుపెట్టి, ఆ గాట్లో వల తాడు దూర్చి, పళ్లతో గట్టిగా నొక్కితే గుండు తాడుని పట్టుకుని ఉండిపోయేది. పళ్లతో నొక్కే పని చెల్లిది. చిన్న పళ్లయితే తాడు తెగదని నాన్న మురిసిపోయేవాడు. నేను అరకులో హాస్టల్లో ఉండి చదువుకునేవాణ్ని. సెలవులకి ఇంటికెళ్లినప్పుడు ఆ పని నాకెందుకివ్వరని అలిగాను కూడా.

చెల్లికి కడుపునొప్పులు మొదలయ్యాయి. తర్వాత నేర్చుకున్న అక్షరాలు ఒక్కొక్కటే మర్చిపోయింది. మొద్దు గుంట అన్నారు బళ్లో. చాలా ఏళ్లకి, నేను డిగ్రీలో ఉండగా, పట్నం ఆసుపత్రిలో ఒక డాక్టరు ఆమె పళ్లు చూసి, చిగుళ్లు చూసి, రక్తపరీక్ష చేయించి, "ఈ అమ్మాయి సీసం దగ్గర పనిచేసిందా?" అని అడిగాడు. అప్పటికి నాన్న లేడు. అమ్మ మమ్మల్ని తీసుకుని ముంచింగిపుట్టు పక్కన తన పుట్టినూరికి వచ్చేసింది. నాన్న మీద నాకు కోపం లేదు. ఆ లోహం ఏం చేస్తుందో ఆయనకి ఎవరూ చెప్పలేదు.

అందుకే పరిశోధనకి ఏ అంశం తీసుకుంటావని మా గైడు అడిగినప్పుడు నేను రెండో మాట లేకుండా సీసం లేనిదే తీసుకున్నాను. పేరున్న పత్రికల్లో పడదు, కష్టం ఎక్కువ, ఫలితం తక్కువ అని తోటివాళ్లు హెచ్చరించారు. నా లెక్క వేరు.

ల్యాబులో నాకంటే ముందు చేరిన ఆవిడని అక్కా అని పిలిచేవాణ్ని. శ్రీకాకుళం వైపు పల్లెటూళ్లో వ్యవసాయం చేసుకునే కుటుంబం వాళ్లది. మొదటి రోజు నా గిరిజన సర్టిఫికెట్ గురించి ఎవడో వెకిలిగా మాట్లాడితే వాడికి గడ్డి పెట్టింది. ఆమ్లం ఎలా పోయాలో, తక్కెడ ముందు ఊపిరి ఎలా బిగపట్టాలో ఆవిడే నేర్పింది. మధ్యాహ్నం క్యారేజీ విప్పి, "ఒరే గుంటడా, బేగి రా, అన్నం సల్లారిపోతంది" అని కేకేసేది. నాకు సొంత అక్క లేదు. ఆవిణ్ని నెత్తిన పెట్టుకున్నాను.

ఆ పదార్థం చెయ్యడం చూడ్డానికి వంటలాగే ఉంటుంది. సీజియం బ్రోమైడ్ రెండు పాళ్లు, వెండి బ్రోమైడ్ ఒక పాలు, బిస్మత్ బ్రోమైడ్ ఒక పాలు. హైడ్రోబ్రోమిక్ ఆమ్లంలో వేసి, నీళ్లు మరిగే వేడికంటే కాస్త పైన ఉంచి కలపాలి. అన్నీ కరుగుతాయి గాని వెండిది మాత్రం అలిగిన కొత్తల్లుడిలా అడుగున కూర్చుంటుంది. ఓపిగ్గా వేడి చేస్తే అదీ లొంగుతుంది. అసలు పరీక్ష చల్లార్చడంలో ఉంది. గంటకి ఒకటి రెండు డిగ్రీలు మాత్రమే తగ్గాలి. తొందరపడితే పొడి రాలుతుంది. నాకు పదకొండుసార్లు పొడే వచ్చింది. పన్నెండోసారి మూత తీసేసరికి గాజు అడుగున, దానిమ్మ గింజల కంటే చిన్నవి, ఎనిమిది ముఖాలవి, ఎర్రటి స్ఫటికాలు మెరుస్తున్నాయి. నేను ఆడపిల్లలా ఏడ్చానని అక్క ఆ తర్వాత ఊరంతా చెప్పుకుంది. ఎండ పలకలకే కాదు, ఎక్స్‌రేని పట్టుకోవడానికీ ఇవి పనికొస్తాయి. బిస్మత్ బరువైనది కదా, కొద్దిపాటి కిరణాల్ని కూడా వదలదు. మా కొండల్లో తిరిగే ఎక్స్‌రే వ్యానుల్లో ఎప్పటికైనా ఇవి ఉంటాయని కలలు కన్నాను.

అప్పుడు నేనొక పని చేశాను. అది మా వాళ్లు తప్ప ఎవరూ చెయ్యరు.

మా దగ్గర కొత్త పండుగ కాకుండా కొత్త పంట నోట్లో పెట్టరు. మామిడైనా, చిక్కుడైనా, సామలైనా అంతే. మా పూజారి దిసారి మంచిరోజు చూసి చెబుతాడు, మొదటి కోత ఊరి తల్లికి పెడతారు, ఆ తర్వాతే ఎవరైనా తినేది. దాన్ని కొత్త పెట్టడం అంటాం. నేను కెమిస్ట్రీ చదివినవాణ్నే. అయినా ఆ మొదటి స్ఫటికాల్ని కొలవడానికి, పలకల మీద పూయడానికి నాకు చెయ్యి రాలేదు. ల్యాబు నియమం ప్రకారం అది పెద్ద తప్పు. అక్క నవ్వింది, కానీ గైడుకి చెప్పలేదు. తనే ఒక చిన్న గాజు బుడ్డిలో పోసి, మూత మీద మైనం వేసి, వెలుతురు తగలకుండా వెండి కాగితం చుట్టి ఇచ్చింది. "మీ అమ్మోరికి నా పేరు కూడా సెప్పరా" అంది.

దిసారి ఆ బుడ్డిని అటూ ఇటూ తిప్పి చూశాడు. తినేది కాదు, విత్తేది కాదు, దీనికి కొత్త ఏమిటని ఎవరూ అడగలేదు. ఊరి తల్లిగా మేం మొక్కే తల్లి రాయి ముందు బియ్యం చల్లి, బుడ్డిని అక్కడ కాసేపు ఉంచి, నా చేతికిచ్చాడు. అమ్మ దాన్ని రేకు పెట్టెలో దాచింది. చెల్లి మాత్రం అప్పుడప్పుడు కాగితం విప్పి, ఒకసారి చూసి, మళ్లీ జాగ్రత్తగా చుట్టేసేదట.

తర్వాతి ఏడాది గైడుకి ఒక పథకం వచ్చింది. సీసం లేని పలకలతో ఏదైనా గిరిజన గ్రామంలో దీపాలు వెలిగించి చూపించాలి. మా ఊరే బాగుంటుందని అక్క సలహా ఇచ్చింది. ఊటకి వెళ్లే దారిలో నాలుగు స్తంభాలు, ఒక్కోదాని మీద అరచేతంత పలకలు కొన్ని, కింద చిన్న దీపం. ఊళ్లో సమావేశం పెట్టాను. సోలార్ అనగానే పెద్దలు మొహాలు తిప్పుకున్నారు. చచ్చిన బ్యాటరీలు ఏం చేస్తాయో మా ఇంటి కథ అందరికీ తెలుసు. అందరి ముందూ అమ్మే లేచి నిలబడింది.

"ఒరే, నువ్వు నా కొడుకువని అడగడం మానను. అందులో సీసం ఉన్నాదా?"

"లేదమ్మా."

"రవ్వంతైనా?"

"రవ్వంత కూడా లేదు. బ్యాటరీలో కూడా లేదు" అని, వెళ్లి తల్లి రాయి మీద చెయ్యివేసి చెప్పాను. మీకు నేను కొత్త పెట్టింది గుర్తులేదా అని కూడా అన్నాను. ఊరు ఒప్పుకుంది.

పలకలు తయారయ్యే వారం నేను ఊళ్లో స్తంభాలు పాతించే పనిలో ఉన్నాను. అక్క జీపులో వాటిని తీసుకొచ్చింది. అట్టపెట్టె విప్పి చూసి ఒక క్షణం ఆగాను. పలకలు నల్లగా ఉన్నాయి. మా పదార్థాన్ని పలచగా పూస్తే పసుపూ నారింజా కలిసిన రంగు వస్తుంది. నల్లగా రాదు. నల్లగా వచ్చేది వేరే ఉంది. అందులో సీసం ఉంటుంది.

"ఏటక్కా, నల్లగా ఉన్నాయి?"

"పైన రంగు పూత వేసినాంరా, వెలుగు ఎక్కువ పట్టడానికి. నువ్వు లేనప్పుడు సేసినాం. తరవాత సెప్తాను కదా, ముందు బిగించు. పైనుంచి వొచ్చేస్తన్నారు."

అలాంటి పూతలు ఉన్న మాట నిజమే. చదివాను. అయినా ఇంత నల్లగానా అని రెండోసారి అడగలేదు. అడగాల్సింది ఎవరినో కాదు, నాకు అన్నం పెట్టిన మనిషిని. బిగించేశాను.

సాయంత్రం అతిథులొచ్చారు. స్విచ్చి వేస్తే నాలుగు దీపాలూ వెలిగాయి. చప్పట్లు, ఫోటోలు. ఆ గోలలో చెల్లి నా దగ్గరికి వచ్చింది. చేతిలో ఆ గాజు బుడ్డి. వెండి కాగితం విప్పి, స్తంభం మీద పలక వైపు ఎత్తి పట్టుకుని, అందరికీ వినబడేలా అడిగింది.

"అన్నియ్యా, నువ్వు కొత్త పెట్టింది ఎర్రగుంది కదా. ఇదేటి నల్లగుంది? ఇది అది కాదు."

అతిథుల్లో ఎవరో నవ్వారు. నాకు తల కొట్టేసినట్టయింది. "నీకేటి తెలుసు? నోరు మూసుకుని ఇంటికి పో" అన్నాను. బళ్లో మేస్టర్లు ఆమెతో ఆ మాటే అనేవారు. చెల్లి బుడ్డికి కాగితం చుట్టుకుంటూ వెళ్లిపోయింది. అక్క నా భుజం తట్టి, టీ తాగుదాం రమ్మంది.

చైత్రంలో, మావాళ్లు వేటకెళ్లే ఇటుకల పండుగకి ఊరికెళ్లాను. నేను వెళ్లడానికి ముందు వారం వడగళ్లు పడ్డాయట. ఊట పక్క స్తంభం మీద రెండు పలకలు పగిలాయి. వాటి కిందనుంచి స్తంభం పొడుగునా పసుపు చార ఒకటి దిగి, ఆడవాళ్లు బిందెలు పెట్టుకునే రాతి దాకా వచ్చింది. పండుగ రోజులు కదా, ఎవరో స్తంభానికి పసుపు రాసి మొక్కారనుకున్నారు. ఇద్దరు ముగ్గురు దానికి కుంకుమ బొట్లు కూడా పెట్టారు. నేను స్తంభం దగ్గరికెళ్లి పైకి చూశాను. పలకలో మిగిలిన నలుపు కూడా అంచుల్లో పసుపుగా మారిపోయి ఉంది. మా పదార్థం తడిస్తే ఇలా అవదు, సీసం ఉన్నదే అవుతుంది.

"నేను ముట్టలేదు" అంది చెల్లి వెనకనుంచి. "తెలీని రంగు ముట్టొద్దని నువ్వు సెప్పినావు కదా. నీళ్లు పై ఊటనుంచి తెస్తన్నాను. వీళ్లకి సెప్పినా వినలేదు." పై ఊట ఇంకో మైలు ఎక్కాలి.

చేతులకి తొడుగులు వేసుకుని ఆ ముక్కల్ని మూట కట్టి అరకు తీసుకెళ్లాను. నేను ఇంటర్ చదివిన కాలేజీలో పాత లెక్చరరు ఇంకా ఉన్నారు. కాసేపు బల్ల వాడుకోమన్నారు. పసుపు పొడి కొంచెం గీరి, పరీక్షనాళికలో నీళ్లు పోసి మరిగించాను. కరిగి రంగు పోయింది. కుళాయి కింద పట్టి చల్లార్చాను. బంగారు రేకులు తళుక్కుమంటూ ఒక్కొక్కటే కిందికి దిగాయి. ఇంటర్లో సీసాన్ని గుర్తుపట్టే ఆ పరీక్ష మొదటిసారి చేసినప్పుడు, ఆ రేకులు చూసే నేను ఈ చదువు మీద మనసు పారేసుకున్నాను. ఆ బల్ల ముందే ఇప్పుడు అవే రేకులు మళ్లీ చూశాను. కోపం తర్వాత వచ్చింది. ముందు వచ్చింది దిగులు. ఇంక అక్క క్యారేజీలో అన్నం తినలేను కదా అని.

ల్యాబుకి వెళ్లేసరికి భోజనాల వేళ. అక్క నన్ను చూసి రెండో గిన్నె తీసింది. నేను పగిలిన పలకని ప్లాస్టిక్ సంచీలో అలాగే బల్లమీద పెట్టాను. ఆవిడ దాన్ని చూసి చెయ్యి వెనక్కి తీసుకుంది. అబద్ధం చెప్పలేదు. అదొక్కటి మాత్రం మెచ్చుకోవాలి.

"మన ఎర్రదానితో దీపం వెలగలేదురా. గుడ్డిగా మిణుకుమంది అంతే. నీ ఆ మొదటి బ్యాచ్ ఉంటే ఏమైనా ఎక్కువ వచ్చేదేమో, దాన్ని పట్టుకెళ్లి అమ్మోరికి పెట్టేసినావు. పెద్దోళ్లు వొచ్చేస్తన్నారు. పక్క ల్యాబులో సీసంవి తయారుగా ఉన్నాయి. ఆ రోజుకి పెట్టి, తరవాత మార్చేద్దామనుకున్నాను."

"నాకు చెప్పొచ్చు కదక్కా."

"సెప్తే నువ్వు బిగించనిస్తావేటి?"

"మా చెల్లి సంగతి నీకు తెలుసు. అన్నీ నీకే చెప్పాను."

ఆవిడ క్యారేజీ గిన్నెల్ని ఒకదాని మీద ఒకటి పేర్చుకుంది. "ఎంత సీసంరా అది, మీ నాన్న వలలో ఒక్క గుండంత కూడా ఉండదు. కొండ మీద దీపం వెలిగిందా లేదా అన్నదే సూస్తారు గాని, అందులో ఏటున్నాదో మీవోళ్లకి ఏటి తెలుస్తాది?"

పరిమాణం గురించి ఆవిడ చెప్పింది నిజమే. కొలిచి చూశాను, ఒక గుండంత కూడా లేదు. కానీ నేను కొంచెం ఉంది అని చెప్పలేదు, రవ్వంత కూడా లేదని చెప్పాను. నా ఊరిని, నా తల్లి రాయిని, నా చెల్లి జబ్బుని, అన్నీ తెలిసిన మనిషి నా చేత నా వాళ్లకి విషం బిగింపించింది. మా నాన్నకి తెలీదు. ఈవిడకి తెలుసు. మెట్లు దిగుతుంటే ఆ చివరి మాటే చెవిలో తిరిగింది. మీవోళ్లకి ఏటి తెలుస్తాది. దాన్ని అంతకుముందే, దీపాలు వెలిగిన సాయంత్రం, నా నోటే విన్నట్టు గుర్తొచ్చి, మెట్ల మధ్యలో ఆగిపోయాను.

ఫిర్యాదు రాసిచ్చాను. అది ఏదో బల్లమీద ఉంది. నేను ఇప్పటికీ ఆ ల్యాబులోనే పని చేస్తున్నాను, కిటికీ పక్క బల్ల దగ్గర. అన్నం బయట తింటున్నాను.

ఊరికి వెళ్లి నాలుగు స్తంభాలూ పీకించాను. తడిసిన మట్టి తవ్వించి, బిందెల రాయి తీయించి, అంతా మందపాటి సంచుల్లో మూటలు కట్టించాను. సమావేశంలో నిలబడి, నా మాట తప్పు, అందులో సీసం ఉంది అన్నాను. ఎవరూ తిట్టలేదు. తిడితే బాగుండేది. దిసారి లేచి, రాయి మీద చెయ్యివేసి చెప్పిన మాట కాబట్టి తల్లికి ఏదో చెయ్యాలన్నాడు. అమ్మ నావైపు చూడలేదు.

తర్వాత మా వాకిట్లో సంచి మూతులు బిగిస్తుంటే చెల్లి వచ్చి పక్కన కూర్చుంది. "ఆ రోజు నువ్వు చెప్పిందే నిజం. నాకు తెలిసి కూడా నీ నోరు మూయించాను" అన్నాను. ఆమె తలూపింది. లోపలికి వెళ్లి, రేకు పెట్టె తెరిచి, గాజు బుడ్డి తెచ్చి నా ముందు పట్టుకుంది. కాగితం విప్పింది. నా స్ఫటికాలు అలాగే ఎర్రగా ఉన్నాయి. ఈ మొత్తం వ్యవహారంలో నిజంగా సీసం లేని వస్తువు అదొక్కటే.

"ఇందులో కూడా ఉన్నాదేటి?"

"లేదు. ఇది నా చేత్తో చేసింది. లేదు."

"రవ్వంతైనా?"

నేను మళ్లీ లేదన్నాను. చెల్లి నా మొహంలోకి చాలాసేపు చూసింది, పరీక్షనాళికలోకి నేను చూసినట్టే. తర్వాత బుడ్డికి కాగితం చుట్టి, నా చేతిలోంచి సంచి లాక్కుని, లోపలున్న పగిలిన పలకల మీద ఆ బుడ్డిని పెట్టి, మూతి కట్టేసింది. తాడుని రెండుసార్లు ముడేసి, బిగించడానికి పళ్ల దాకా తీసుకెళ్లి, ఏదో గుర్తొచ్చినట్టు ఆగి, చేత్తోనే లాగింది.